రిజిస్టర్లో మొదటి పేరు

ఆదివారం నాడు గుమ్మంలో బోర్లించిన ఇనప కుండ శుక్రవారం పొద్దుటికి కూడా అలాగే ఉంది.

మా దీవిలో దాని అర్థం ఎవరికీ చెప్పక్కర్లేదు. దొరలు మమ్మల్ని బానిసలుగా కొని అమ్మిన కాలంలో చాటుగా ప్రార్థన పెట్టుకున్నప్పుడు గుమ్మంలో కుండ బోర్లించేవాళ్ళం. లోపలి మాటల్ని అది పట్టేసుకుంటుందనీ, దొర పెద్దింటి దాకా పోనివ్వదనీ మా నమ్మకం. దొరలు పడవలెక్కి పారిపోయి ఎనిమిదేళ్ళయింది. అప్పటినుంచీ ఆ కుండల్లో అలసందలు ఉడకబెట్టుకుంటున్నామే తప్ప ఏ ఇంట్లోనూ బోర్లించలేదు. ఇప్పుడు మా వదిన బైనా బోర్లించింది. లోపలి మాటలు బయటికి పోకూడదనుకుందేమో. అసలు లోపల మాటలంటూ ఉంటేగా పోవడానికి!

చిలగడదుంపల గిన్నె పట్టుకుని, కుండ దాటి లోపలికి వెళ్ళాను. పొయ్యి చల్లగా ఉంది. వదిన కిటికీ దగ్గర పీట మీద కూచుంది. ఒళ్ళో ఆ ఉత్తరం.

"తిన్నావా వదినా?"

వదిన ఉత్తరం మడత వేలితో దువ్వుతోంది.

"నిన్నే. నోట్లో ఏమన్నా పడిందా అని అడుగుతున్నా."

"మీ అన్నకు తీసుకెళ్ళి పెట్టు," అంది నా వైపు చూడకుండానే. "పడవలో పడుకుంటున్నాడటగా. నడుం పట్టేసి ఉంటుంది పాపం."

"ఆ పాపమేదో ఆయన మొహాన అంటే ఇంటికొచ్చేవాడు."

"ఎవరింటికి?"

గిన్నె ఠక్కున బల్ల మీద పెట్టాను. ఈ ఇంటి దూలాలు మా అన్న టైటస్ భుజాన మోసుకురావడం నేను కళ్ళారా చూశాను. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. మింగేశాను. అవతల కూచున్నది కూడా ఒక తల్లే కదా.

"ఫిలిస్, నా కొడుకు బతికున్నాడు."

"తెలుసు వదినా."

"నీకేం తెలుసు! పదేళ్ళవాడిని అమ్మేసి, చేలోంచే బండెక్కించారు. మెడలో పత్తి సంచి కూడా తియ్యనివ్వలేదు నన్ను. పన్నెండేళ్ళు. పొద్దున్నే లేస్తే వాడున్నాడా అని, అన్నానికి కూచుంటే వాడు తిన్నాడా అని. వాడు చదువుకున్నాడే! ఎక్కడో అలబామాలో, నాలాగే వాడూ బడికి పోయి, అక్షరాలు రాగానే ముందు నాకు రాశాడు. ఆ ఉత్తరం తిప్పి పంపడానికి మీ అన్నకు చేతులెలా వచ్చాయి?"

ఇంత మాట్లాడినా కొడుకు పేరు మాత్రం ఎత్తలేదు. కేటో అన్నది దొర పెట్టిన పేరు. మాలో ప్రతి బిడ్డకూ ఇంకో పేరుంటుంది. పసిగుడ్డును బుట్టలో పడుకోబెట్టుకుని తల్లి పెట్టుకునే పేరు. బుట్ట పేరంటాం. బిడ్డ దూరాన ఉన్నప్పుడు ఆ పేరు పైకి అనకూడదు. ఆ పిలుపు వింటే ప్రాణం ఒంటిని అక్కడే వదిలేసి తల్లి దగ్గరికి వచ్చేస్తుందని మా పెద్దల భయం. బండి కదిలిన రోజునుంచీ వదిన ఆ పేరు అనలేదు. నాకైతే అదేమిటో గుర్తు కూడా లేదు.

ఇప్పుడు వదిన ఒళ్ళో ఉన్న ఉత్తరం తెచ్చింది మోల్సీ. మా స్మార్ట్ తాత కూతురు. చిన్నప్పుడు అమ్ముడుపోయిన పిల్ల, తండ్రిని వెతుక్కుంటూ అలబామా నుంచి వచ్చింది. దారిలో ఓ పాస్టరు ఈ కాగితం ఆమె చేతికిచ్చి, ట్రాస్కెట్ దొర తోటలో బైనా తాలూకు వాళ్ళెవరైనా ఉంటే ఇమ్మన్నాడట. ఆదివారం ప్రార్థన నుంచి రాగానే నా మేనకోడలు, వదిన కూతురు సాబ్రా చదవడం మొదలుపెట్టింది. పదహారేళ్ళది, బడిలో చిన్నపిల్లలకు పాఠాలు చెప్తుంది. తడబాటన్నది ఎరగదు. "మీ కేటో మా రాత్రిబడిలో చదువుకున్నాడు. మూడేళ్ళ కిందట తల్లికి ఉత్తరం రాశాడు. అది తిరిగి వచ్చింది. కవరు మీద..." అని చదివి ఆగిపోయింది.

"కవరు మీద?" అంది వదిన.

సాబ్రా కాగితం దించేసింది. గోడ దగ్గర నిలబడ్డ మా అన్న, "నేనే తిప్పి పంపాను బైనా," అన్నాడు.

అంతే. కేటో మా అన్నకు పుట్టినవాడు కాదు, వదిన మొదటి మొగుడి బిడ్డ. ఇంక వేరే సాక్ష్యం ఎవరడుగుతారు? పిల్లవాడు రైలు పట్టాల పనికి టెక్సాస్ వైపు పోయాడట అని మాత్రం చెప్పి సాబ్రా కాగితం మడిచేసింది. వదినకు అచ్చక్షరాలే వచ్చు, గొలుసుకట్టు రాత రాదు. అందుకే ఆరు రోజులుగా అది ఒళ్ళో పెట్టుకుని ఊరికే చూస్తోంది.

"రేపు శనివారం. బడి దగ్గర అందరూ ఉంటారు," అంది. "నాకక్కడ రెండు పనులున్నాయి."

"ఏమిటవి?"

"రిజిస్టర్లో నా పేరు కొట్టేయించాలి. ట్రాస్కెట్ అని రాయించుకోవాలి."

నేను సరిగ్గా విన్నానా అని సందేహం వచ్చింది. "ఏమని?"

"విన్నావుగా. వాడు నన్ను ఆ పేరుతోనే వెతికాడు. మళ్ళీ వెతికితే ఆ పేరుతోనే వెతుకుతాడు. కేటో ట్రాస్కెట్ తల్లి బైనా ట్రాస్కెట్ బతికే ఉందని టెక్సాస్‌లో ప్రతి చర్చికీ రాయిస్తాను. పాస్టర్లు పైకి చదువుతారు. ఎక్కడో ఒకచోట వాడి చెవిన పడుతుంది."

"రెండో పని?"

"మీ అన్నను ఇంట్లోంచి పంపేస్తున్నానని పెద్దల ముందు చెప్తాను. ఆ తర్వాత ఆయన దారి ఆయనది."

ఇంక ఆ ఇంట్లో నిలబడలేకపోయాను. దుంపలు అక్కడే వదిలేసి బడికి బయల్దేరాను.

ఆ బడి మొదలైన రోజు నాకు నిన్నటిలా గుర్తుంది. ఉత్తరాది ఓడల ఫిరంగులు మోగి దొరలు పారిపోయిన నాలుగు నెలలకు, ట్రాస్కెట్ పత్తి కొట్టులో, ఉత్తరాది నుంచి పడవ దిగిన ఎల్వైరా టీచరమ్మ ఓ పీపా మీద రిజిస్టరు తెరిచింది. అందరికీ కలిపి పుస్తకం ఒక్కటే. దాన్ని ఆకులుగా విడదీసి ఇంటికో ఆకు పంచింది. వారం తిరగ్గానే ఆకులు మార్చుకునేవాళ్ళం. మా ఇంటికి ముందు చివరి ఆకు వచ్చింది, మొదటి ఆకు రావడానికి రెండు నెలలు పట్టింది. అందుకే నాకు ఇప్పటికీ సింహాసనం రాయడం వచ్చుగానీ పిల్లి దగ్గర తడుముకుంటాను. ముసలాళ్ళు, పాలిచ్చే తల్లులు, పాకే పిల్లలు, అంతా ఒకటే తరగతి. తర్వాత పెద్దింట్లో దొరసానులు నాట్యాలాడే గది చెక్కలు ఊడబెరుక్కొచ్చి మా అన్నావాళ్ళు ఇప్పటి బడికి నేల వేశారు. చాటు ప్రార్థనల నాటి కుండ ఒకటి గుమ్మం పక్కన నిలబెట్టి మంచినీళ్ళు పోశారు. ఇంక గొంతు దాచుకునే పని లేదని దానర్థం.

మొదటి రోజు వరసలో అందరికంటే ముందు నిలబడింది వదినే. టీచరమ్మ పేరడిగితే చెప్పింది. ఆవిడ ఇంటిపేరూ అడిగింది. మాకెవరికీ వేరే ఇంటిపేరు లేదు, దొరదే మాది. వదిన తల ఎత్తి, "నేను ట్రాస్కెట్ దాన్ని కాను. ఆ ట్రాస్కెట్ కొరడా కింద చచ్చినవాడు మా నాన్న ఐజాక్. బైనా ఐజాక్ అని రాయండి," అంది. పత్తి కొట్టు దద్దరిల్లిపోయింది. ఆ వెనకే ఒక్కొక్కళ్ళం ఆ పేరు వదిలించుకున్నాం. స్మార్ట్ తాత ఒక్కడు మాత్రం, "నాకు ట్రాస్కెటే ఉండనీ తల్లీ. నా కూతురొచ్చి అడిగితే ఏ పేరుతో అడుగుతుంది?" అన్నాడు. ఎంత నవ్వామో ఆయన్ని! గొలుసు విప్పినా మెడ వంచుకు తిరిగే కుక్క అని వదిన ఏడేళ్ళపాటు ఆడిపోసుకుంది. కిందటి వారం ఆ కూతురు ఆ పేరు పట్టుకునే వచ్చింది.

టీచరమ్మ జ్వరంతో ఉత్తరాదికి వెళ్ళింది కాబట్టి బడి సాబ్రా చేతిలోనే ఉంది. పిల్లలు బయట ఆడుకుంటున్నారు. సాబ్రా పలకలు తుడుస్తోంది. నన్ను చూడగానే ముఖం తిప్పుకుంది.

"ఇటు చూడవే," అన్నాను. "రేపు మీ అమ్మ మీ నాన్నను వెళ్ళగొడుతుందట. నువ్వు ఆ ఉత్తరం మధ్యలో ఎందుకాపావో నాకిప్పుడు చెప్పాలి."

"చెప్పలేను అత్తా."

"ఆయన ఉత్తరం తిప్పి పంపడమేమిటి? పిచ్చుకపిల్ల కింద పడితే గూట్లో పెట్టొచ్చే మనిషి! ఎవర్ని కాపాడుతున్నారు మీరిద్దరూ?"

సాబ్రా లేచి వెళ్ళి రిజిస్టరు అట్ట లోపలనుంచి ఓ మాసిపోయిన కవరు తీసింది. ఉత్తరంతోపాటు వచ్చిన పాత కవరట. ఆదివారమే దాచేసింది. తీసుకుని చూశాను. పైన గుండ్రంగా, పెద్దగా, బడి అచ్చక్షరాలు. 'ఈమె చనిపోయింది.'

"ఎవరి రాతే ఇది?"

"నాదే."

"నీదా?"

"నువ్వూ ఉన్నావుగా అత్తా ఆ రోజు. గుర్తు లేదూ?"

అప్పుడు గుర్తొచ్చింది.

మూడేళ్ళ కిందటి వసంతం. పారిపోయిన దొరలు కాగితాలు పట్టుకుని ఒక్కొక్కరే తిరిగొస్తున్న రోజులు. భూమి మాదేనంటారు, ఇక్కడ వేలు పెట్టు, అక్కడ గీత గియ్యి అంటారు. దొర పేరుతో వచ్చిన కాగితం ముట్టుకుంటే మళ్ళీ ఆ దొరకు లొంగినట్టేనని దీవంతా వణికిపోయేవాళ్ళం. అవతలి రేవు నుంచి వచ్చే ఉత్తరాలను శనివారాల్లో బడి అరుగు మీద నిలబడి పెద్ద తరగతి పిల్లలు పైకి చదివేవాళ్ళు. ఆ వారం వంతు సాబ్రాది. "బైనా ట్రాస్కెట్," అని చదివింది.

అందరం బిగుసుకుపోయాం. ముందు వరసలో వదిన లేచింది. "ఆ మనిషి చచ్చిపోయింది. ఈ బడి తెరిచిన రోజే పూడ్చిపెట్టాం. అలాగే రాసి పంపవే నా తల్లీ!" అంది. చప్పట్లే చప్పట్లు. పదమూడేళ్ళ పిల్ల, తల్లి చెప్పినట్టు పొందిగ్గా రాసింది. విప్పి చూద్దామని ఒక్కరికీ తోచలేదు. పడవవాడు పట్టుకుపోయాడు. నేను నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకున్నాను.

దేవుడా, నేను కూడా నవ్వాను.

"మీ అమ్మకు తట్టలేదంటావా?" అన్నాను, కవరు తిరిగి చేతికిస్తూ.

"అది దొర కాగితమనే అమ్మ లెక్క. ఆ రోజు గురించి ఎంత గొప్పగా చెప్పుకుంటుందో తెలుసుగా. అదీ ఇదీ ఒకటేనని తట్టలేదు. తట్టనివ్వడం లేదేమో."

"మీ నాన్నకు?"

"నా మొహం చూడగానే తెలిసిపోయింది. నోరెత్తితే ఒట్టే అన్నాడు." సాబ్రా ఏడుస్తోంది. "అత్తా, ఉత్తరంలో ఇంకా నాలుగైదు వరసలున్నాయి. అవి ఇంకా ఘోరం."

ఏమిటవి అని అడగలేకపోయాను. నాకంత ధైర్యం లేదు.

మా అన్న రేవులో పడవ బోర్లించి అడుగుకు తారు పూస్తున్నాడు. ఇంటికెళ్ళి తెచ్చిన దుంప ఒకటి చేతికిస్తే తీసుకుని పక్కన పెట్టాడు.

"అన్నా, కవరు చూశాను."

తారు పూసే చెయ్యి ఆగి, మళ్ళీ కదిలింది. "చూస్తే చూశావు. అక్కడికక్కడే మర్చిపో."

"రేపు పదిమందిలో నిన్ను వెళ్ళగొడుతుంది. కొడుకును దూరం చేసినవాడని దీవంతా ఉమ్మేస్తుంది. నీకేం ఖర్మ? చేసింది ఆవిడ!"

"గట్టిగా అరవకు."

"అరుస్తాను! నా అన్నవి నువ్వు. ఆవిడకు నేనేం బాకీ లేను."

"ఫిలిస్, కూచో." కూచోలేదు. ఆయనే లేచి నా ఎదురుగా నిలబడ్డాడు. "వాడిని మొదటిసారి అమ్మింది దొర. ఆ కోపంతో ఆమె బతికింది. రెండోసారి పోగొట్టింది తన నోరేనని తెలిస్తే దేనితో బతుకుతుంది? నేను పోతే మొగుడు పోతాడు. మొగుళ్ళు పోయినా ఆడవాళ్ళు బతుకుతారు. మీ ఆయన పోతే నువ్వు బతకలేదూ?"

"నోర్ముయ్," అన్నాను. ఏడుపొచ్చేసింది.

"నా మీద కోపం ఉంటే లేచి తిరుగుతుంది. తిట్టుకుంటుంది, వండుకుంటుంది. చాలు నాకు," అన్నాడు. తిరిగి తారు కుంచె అందుకున్నాడు.

శనివారం బడి నిండిపోయింది. వదిన ఉతికిన తలగుడ్డ కట్టుకుని వచ్చింది. ఆరు రోజుల్లో సగమైంది మనిషి. మా అన్న లోపలికి రాలేదు, మెట్ల దగ్గర తెడ్లు పట్టుకుని నిలబడ్డాడు. దుప్పటి చుట్ట చంకలో ఉంది. పొమ్మనడమే తరువాయి, పోవడానికి సిద్ధంగా వచ్చాడు పిచ్చిమనిషి.

వదిన తిన్నగా స్మార్ట్ తాత ముందుకెళ్ళి నిలబడింది. ఆయన బెంచీ మీద కూతురు చెయ్యి పట్టుకుని కూచున్నాడు. వచ్చిన దగ్గర్నుంచీ ఆ చెయ్యి వదల్లేదు.

"తాతా, నిన్ను కుక్కన్నాను."

"అన్నావు," అన్నాడు తాత. "ఒకటి రెండుసార్లు కాదు."

"తప్పయింది."

"పోనీలేవే అమ్మాయ్. అప్పుడు నాకూ పౌరుషంగానే ఉండేది. పేరుదేముంది, పిల్ల దొరకాలిగానీ."

వదిన రిజిస్టరున్న బల్ల దగ్గరికి వెళ్ళింది. సాబ్రా మొదటి పేజీ తీసింది. మొదటి వరసలో మొదటి పేరు, బైనా ఐజాక్. టీచరమ్మ సిరా కాస్త వెలిసిపోయింది.

"కొట్టెయ్," అంది వదిన. "బైనా ట్రాస్కెట్ అని రాయి."

గదిలో గుసగుస లేచింది. ఏడేళ్ళ కిందట ఆమె చెప్తే పేర్లు మార్చుకున్నవాళ్ళే అందరూ. వదిన వాళ్ళ వైపు తిరిగింది. "ఏమనుకుంటారో అనుకోండి. నా కొడుక్కి నేను దొరకాలి."

సాబ్రా కలం తీసింది. రాయలేకపోయింది.

"రాయవే."

అప్పుడు స్మార్ట్ తాత నవ్వాడు. కడుపులో ఏమీ లేని నవ్వు. కూతురు దొరికిన సంబరంలో ఉన్నాడు, ఏ మాట ఎక్కడ తగులుతుందో చూసుకోలేదు. "ఆ రోజు ఇదే పిల్ల చేత చచ్చిపోయిందని రాయించావుగదే బైనా! ఇప్పుడు లేపమంటే దానికెలా వస్తుంది?" అన్నాడు.

ఎవరూ నవ్వలేదు. మోల్సీ తండ్రి చెయ్యి నొక్కింది.

"ఏ రోజు?" అంది వదిన.

వదిన మెల్లగా గుమ్మం వైపు తిరిగింది. "ఏమయ్యా, ఉత్తరం నువ్వు తిప్పి పంపానన్నావే. ఎక్కడ?"

"రేవులో," అన్నాడు మా అన్న మెట్ల మీంచి.

"ఎవరిచ్చారు నీకు?"

"పడవవాడు."

"ఎండాకాలమా, చలికాలమా?"

మా అన్న చేతిలో తెడ్ల వైపు చూసుకున్నాడు.

"నీకు అబద్ధమాడ్డం ఎప్పుడూ చేతకాదు," అంది వదిన. గొంతులో కోపం లేదు, అదే నాకు భయమేసింది. సాబ్రా వైపు చెయ్యి చాపింది. "ఆ కవరు ఇయ్యి."

"అమ్మా, వద్దమ్మా..."

"ఇయ్యి."

సాబ్రా రిజిస్టరు అట్ట లోపలనుంచి తీసిచ్చింది. వదిన వేలు పెట్టుకుని చదివింది. ఈ బడిలోనే నేర్చుకున్న చదువు, ఒక్కో అక్షరం దగ్గర ఆగి, పెదవులు కదుపుకుంటూ. చదవడం అయిపోయాక కూడా వేలు అక్కడే ఉంచింది.

నేను దగ్గరికి వెళ్ళాను. "వదినా, నువ్వొక్కదానివే కాదు, మేమందరం చప్పట్లు కొట్టాం. నేనూ కొట్టాను," అన్నాను. నా మాట వినపడిందో లేదో.

"మిగతాది చదువు," అంది సాబ్రాతో, ఉత్తరం బల్ల మీద పెట్టి. "ఆ రోజు దాటేసింది మొత్తం."

సాబ్రా చదివింది. "ఆ కవరును కేటో దాదాపు మూడేళ్ళు దిండు కింద పెట్టుకున్నాడు. వెళ్ళిపోతూ నా చేతికిచ్చి ఇలా అన్నాడు: 'అమ్మ వెతుక్కుంటూ వస్తే దొరకాలని దొర పేరు ఇన్నాళ్ళూ మోశాను. ఆమే లేదు కాబట్టి ఇక్కడితో వదిలేస్తున్నాను. కేటో అన్నది కూడా వాళ్ళు పెట్టిందే, అదీ వద్దు.' కొత్త పేరు ఏం పెట్టుకున్నాడో నాకు చెప్పలేదు."

ఎవరో ఆడమనిషి "అయ్యో తల్లీ" అంది. ఆమెకూ అమ్ముడుపోయిన పిల్లలు ఇద్దరున్నారు. ఆమె ఇంటిపేరు కూడా ఇదే రిజిస్టర్లో మారింది.

"నా కొడుకే," అంది వదిన. "అచ్చం నాలాగే చేశాడు." బల్ల అంచు పట్టుకుని నిలదొక్కుకుంది. "అయినా రాయి. నా పేరు మార్చి రాయి."

"ఇంక ఆ పేరెందుకమ్మా? తనే దాన్ని వదిలేస్తే?"

"ఏదో ఒక రోజు వెనక్కి తిరిగి చూస్తాడేమో. చూస్తే నేను అక్కడ ఉండొద్దూ?"

సాబ్రా కొట్టేసింది. రాసింది. ఆ కలం గీత మా నాట్యాలగది చెక్కల మీద చివరి బెంచీ దాకా వినపడింది.

"ఏమయ్యా," అంది వదిన అటు తిరక్కుండానే. "ఆ తెడ్లు కింద పెట్టు. ఇంట్లో గుమ్మంలో కుండ ఉంది, బరువు. నువ్వే వచ్చి తియ్యాలి."

మా అన్న తెడ్లు కింద పెట్టాడు. దుప్పటి చుట్ట ఎక్కడ పెట్టాలో తెలియక అలాగే పట్టుకుని లోపలికొచ్చాడు.

వదిన పసిపిల్లల బెంచీ మీద కూలబడింది. "ఇప్పుడు ఉత్తరం రాయి. చర్చీలన్నిటికీ. తల్లి బతికే ఉందని."

సాబ్రా కొత్త కాగితం తీసింది. సిరాలో కలం ముంచి ఆగింది. "అమ్మా, ఎవరి కోసమని రాయను? ఏ పేరని చదవాలి వాళ్ళు?"

కేటో అంటే పలికేవాడు లేడు. ట్రాస్కెట్ అంటే పలికేవాడు లేడు. కన్నతల్లికి కొడుకు పేరు తెలియదు. గదిలో అందరం నేల చూపులు చూశాం.

అప్పుడు వదిన, "ఇంకోటుంది," అంది.

అది బుట్ట పేరని అందరికీ తెలిసిపోయింది. పెద్దవాళ్ళలో ఇద్దరు వద్దన్నట్టు చేతులెత్తారు. "బైనా, పిల్లాడు దూరాన ఉన్నాడు. అనకూడదు," అన్నాడు స్మార్ట్ తాత. ఆయన గొంతులో ఇప్పుడు నవ్వు లేదు. "అదొక్కటీ అనకే. వాడికేమన్నా అయితే?"

"ఆ పేరు వాళ్ళు పెట్టింది కాదు తాతా. వాడు పారేసుకున్నా పోదు."

"అనకుండానే రాయి. చెవిలో చెప్పు."

"చెవిలో చెప్పి, చర్చీల్లో అరిపిస్తానా? ముందు నేను పిలవాలి."

లేచి నిలబడింది. మా అన్న ఆమె మొహం చూసి, గబగబా గుమ్మం దగ్గరికి నడిచాడు. పక్కనున్న మంచినీళ్ళ కుండ రెండు చేతులా ఎత్తి, నీళ్ళు బయటికి వంపేశాడు. గుమ్మంలో బోర్లించబోయాడు, ఆ పేరు గది దాటి పోకుండా, ఆ పిల్లవాడి ప్రాణానికి ఏమీ కాకుండా.

"వద్దయ్యా," అంది వదిన. "నిలబెట్టు దాన్ని. వినపడాలి."

మా అన్న కుండను నిలబెట్టి, పక్కకు తప్పుకున్నాడు. వదిన గుమ్మంలోకి వెళ్ళింది. బురదనేలల అవతల నీళ్ళు, నీళ్ళకవతల ఒడ్డు. రెండు చేతులతో ద్వారబంధం పట్టుకుని, పన్నెండేళ్ళ తర్వాత, ఉన్న గొంతంతా పెట్టి కొడుకును పిలిచింది.